రెండు మిల్లీమీటర్ల తేడా

నేను ఒక కారు చక్రాన్ని. టైరును కాదు. ఈ మాట మొదటే చెప్పుకోవడం మంచిది, ఎందుకంటే మనుషులు మా ఇద్దరినీ ఒకటే అనుకుంటారు. టైరు నా మీద తొడిగిన రబ్బరు. అరిగితే మారుస్తారు, పంక్చరైతే తిడతారు, కొత్తది వేయిస్తే నలుగురికీ చూపిస్తారు. దాని లోపల ఉండి కారు బరువు మోసే ఉక్కును నేను. మెకానిక్కులు నన్ను డిస్కు అంటారు. నా నడుమ ఒక పెద్ద బెజ్జం, దాని చుట్టూ నాలుగు చిన్న బెజ్జాలు ఉంటాయి. ఆ నాలుగింట్లోంచి నాలుగు బోల్టులు దిగి నన్ను కారుకు బిగిస్తాయి. నా కథంతా ఆ నాలుగు బెజ్జాల కథే.

పూణె దగ్గర ఒక ఫ్యాక్టరీలో పుట్టాను. ఒక యంత్రం ఉక్కు రేకును ఒక్క నొక్కుతో పళ్లెంలా చేసింది. ఇంకోటి మరో రేకును గుండ్రంగా చుట్టి అంచులు మడిచింది. రెంటినీ అతికి, నల్లరంగులో ముంచి తీశారు. అంతకుముందే నాలుగు మొనల పంచ్ ఒకటి పైనుంచి దిగి, నాలుగు బెజ్జాలు ఒకేసారి పొడిచింది. ఎదురెదురు బెజ్జాల నడిమి నుంచి నడిమికి కొలిస్తే తొంభై ఎనిమిది మిల్లీమీటర్లు. ఈ దేశంలో నాలుగు బోల్టుల కార్లలో ఎక్కువవాటికి ఆ కొలత వంద. ఆ సంగతి అప్పుడు నాకెవరూ చెప్పలేదు.

నా మొదటి యజమాని తెనాలిలో హోమియో డాక్టరు. కారు అద్దాల్ని తన కళ్లజోడుకంటే శ్రద్ధగా తుడిచేవాడు. మమ్మల్ని మాత్రం ఒక్కనాడూ తాకలేదు. గోతిలో పడ్డప్పుడు "అయ్యో, నా కారు" అనేవాడే గానీ, ముందుగా దెబ్బ తిన్నది ఎవరో వంగి చూడలేదు. పదకొండేళ్లు ఆయన్ని మోశాం. తర్వాత ఆ కారు ఒక ట్యుటోరియల్ కాలేజీ ఆయన చేతికి పోయింది. ఆయన దగ్గర ఉండగానే వెనకనుంచి లారీ గుద్దింది. మనుషులకేమీ కాలేదు. కారు మాత్రం సగానికి సగం పొట్టిదైపోయింది. దాన్ని విజయవాడ ఆటోనగర్‌కు ఈడ్చుకొచ్చి విప్పారు. ఇంజను ఒకరికి, తలుపులు ఒకరికి వెళ్లాయి. నేను మస్తాన్ వలీ పాత సామాన్ల షాపు చేరాను.

మస్తాన్ వలీ మంచివాడు. అబద్ధం ఆడి అమ్మడు, అమ్మినది తిరిగి తెస్తే కాదనడు. నన్ను మూడుసార్లు ఎవరెవరికో ఇచ్చాడు, మూడుసార్లూ తిరిగొచ్చాను. "నాలుగు బెజ్జాలేగా, పడుతుంది" అని పట్టుకుపోయేవాళ్లు. మూడు బోల్టులు ఎలాగో ఎక్కేవి, నాలుగోది అడ్డం తిరిగేది. నూజివీడు నుంచి వచ్చిన ఒక ఆరడుగుల మనిషి ఆ కోపంలో నన్ను కాలితో తన్నాడు. వంకర నాలో ఉన్నట్టు. ఆయన బొటనవేలు వాచింది, నాకేమీ కాలేదు. ఈలోగా నా కొలత కార్లు చేసిన కంపెనీ ఇక్కడ అమ్మకాలు ఆపేసింది. నన్ను అడిగేవాళ్లే లేకుండా పోయారు. చివరికి ఒక గాలివాన రోజున, షాపు మీది రేకులు ఎగిరిపోకుండా బరువు పెట్టాలని నిచ్చెన వేసి నన్ను పైకెక్కించారు.

ఆరేళ్లు ఆ రేకుల మీదే ఉన్నాను. పైనుంచి ఆటోనగర్ అంతా కనిపించేది. వెల్డింగు మెరుపులు, గ్రీజు మరకల చొక్కాలు, బానెట్లు ఎత్తి లోపలికి తొంగిచూసే తలలు. కింద ఎవరేం మాట్లాడినా వినిపించేది. కారు కొనేవాడు రంగు అడుగుతాడు, పాటలు వచ్చే పెట్టె అడుగుతాడు. చక్రాన్ని కారుకు పట్టి ఉంచేదేమిటని అడిగినవాణ్ణి ఆ ఆరేళ్లలో నేను చూడలేదు.

ఒక బుధవారం పొద్దున పది గంటలప్పుడు ఇద్దరు ఆడవాళ్లు షాపు ముందు ఆగారు. ఒకామెకు నలభై ఆరు, నలభై ఏడేళ్లుంటాయి. బూడిదరంగు కాటన్ చీర, కాళ్లకు నల్ల బూట్లు, భుజాన ఖాకీ సంచి. రెండో ఆమె పొడగరి. ఎండకు కాలిన ముఖం, ఎగ్గట్టిన చీరకుచ్చెళ్లు. మొదటామె సంచిలోంచి అట్టముక్క ఒకటి తీసింది. గుండ్రంగా కోసి ఉంది. దాని మీద నాలుగు బెజ్జాలు, మధ్యలో ఒక పెద్ద బెజ్జం.

రేకు మీద ఉన్న నేను ఆ అట్టను చూశాను. అది నేనే.

"ఈ కొలత డిస్కు కావాలి బాబాయ్," అంది ఆమె. "తొంభై ఎనిమిది. పదమూడు ఇంచీలు."

మస్తాన్ వలీ గడ్డం నిమురుకున్నాడు. "తొంభై ఎనిమిదా? నెంబరు చెప్పి అడిగినవాళ్లు నా సర్వీసులో నువ్వే మొదలమ్మా. ఏం కారు, ఎక్కణ్ణుంచి?"

అప్పుడు చెప్పారు. ఆమె చెప్పింది కొంచెం, పక్కనున్న పొడగరి చెప్పింది చాలా. నాకు తెలిసిన ముందు కథంతా అలా విన్నదే.

మొదటామె పేరు ఎస్తేరు రాణి. ఒంగోలులో ఆడవాళ్లకు డ్రైవింగ్ స్కూలు నడుపుతుంది. కుర్రతనంలో ఐటీఐలో టర్నరు పని నేర్చుకుంది. బ్యాచ్ మొత్తానికి ఆడపిల్ల ఆమె ఒక్కతే. లోహం చెక్కే లేత్ మిషను మీద ఆమె పనికి వంక పెట్టినవాళ్లు లేరు. కానీ ఏ వర్క్‌షాపుకు వెళ్లినా, ఆడమనిషికి పని ఇవ్వలేమని పంపేశారు. అప్పటినుంచి ఆమె దగ్గర మిగిలింది సన్నటి తేడాలు కూడా చూపించే ఒక వెర్నియర్ కొలబద్ద, దాంతోపాటు దేన్నైనా కొలవందే నమ్మని బుద్ధి. తర్వాత డ్రైవింగ్ నేర్చుకుంది, నేర్పడం మొదలుపెట్టింది. ఆమెకున్నది ఒకే కారు. పాతది, తెల్లది, నా కొలతది. పక్కసీట్లో కూర్చుని నేర్పేవాళ్లకు కూడా క్లచ్చు, బ్రేకు ఉండేలా దానికి అదనంగా పెడల్స్ పెట్టించుకుంది.

పొడగరి పేరు అంకమ్మ. సముద్రం ఒడ్డున గుల్లపాలెం ఆమెది. ఆ ఊళ్లో చేపలమ్మే ఆడవాళ్ల సంఘానికి ఒక చిన్న వ్యాను వచ్చింది. నడిపేవాళ్లు లేరు. కిరాయి డ్రైవరు తనకు తోచినప్పుడు వచ్చేవాడు. అతను వచ్చేసరికి బుట్టల్లో ఐసు కరిగి, చేప మెత్తబడి, బజారులో అడిగేవాళ్లు ఉండేవాళ్లు కాదు. వ్యాను చక్రాల చుట్టూ ఇసుక పేరుకుపోతుంటే చూడలేక, మనమే నేర్చుకుందామని ఆరుగురు బయల్దేరారు. ఆరు నెలల కిందట ఎల్లెల్లార్లు తీసుకున్నారు. నేర్చుకునేవాళ్లకు ఇచ్చే ఆ కాగితం ఆరు నెలలే చెల్లుతుంది. వేటకు పోయే రోజులు, ఇంట్లో జ్వరాలు, తుఫాను అన్నీ కలిసి ఐదు నెలలు తినేశాయి. చివరికి పరీక్ష శుక్రవారానికి దొరికింది. శనివారంతో కాగితాల గడువు అయిపోతుంది.

సోమవారం నాడు, వాన నీళ్ల కింద కనపడని తూము గుంటలో ఎస్తేరు కారు ఎడమ పక్కంతా దిగబడింది. రెండు డిస్కులు పోయాయి. ఒకటి అంచు మడతపడింది, రెండోది బోల్టు బెజ్జాల దగ్గర చీలింది. ఒకదాని చోట స్టెప్నీ వేశారు. ఇంకొక్కటి కావాలి.

"ఒంగోల్లో దొరికిందయ్యా," అంది అంకమ్మ మస్తాన్ వలీతో. "షాపాయన బిగించాడు కూడా. ఈ మేడమే ఊడదీయించింది."

"ఊడదీయించక?" అంది ఎస్తేరు.

జరిగిందేమిటంటే, ఆ షాపు యజమాని ఒక నాలుగు బెజ్జాల డిస్కు తెచ్చి పెద్ద పానాతో బిగించి, రెడీ మేడమ్ అన్నాడు. ఎస్తేరు కారెక్కి బజారు చివరిదాకా వెళ్లింది. స్టీరింగులో సన్నటి వణుకు ఆమె వేళ్లకు తెలిసింది. తిరిగొచ్చి, జాకీ వేసి, బోల్టులు తనే విప్పింది. నాలుగు బెజ్జాల్లోనూ పెయింటు ఒక పక్కే గీసుకుపోయి ఉంది. అంటే బోల్టు తల గుంటలో నిండుగా కూర్చోలేదు, ఒక పక్కకు ఒరిగింది. వెర్నియర్ తీసి ఒక బెజ్జం బయటి అంచు నుంచి ఎదుటి బెజ్జం లోపలి అంచుకు కొలిచింది. వంద.

"రెండు మిల్లీమీటర్లేగా మేడమ్," అన్నాడు షాపాయన. "గట్టిగా బిగిస్తే అదే సర్దుకుంటుంది. అందరూ వేసుకుంటున్నారు."

"సర్దుకోవాల్సింది మనుషులు. బోల్టు సర్దుకుందంటే ఏదో ఒకరోజు వదులవుతుంది," అందామె.

ఆ షాపు ముందే అంకమ్మ ఆమె చెయ్యి పట్టుకుంది. "ఒక్కరోజు మేడమ్. పరీక్ష గ్రౌండుకు పోయి రావడమే కదా. తర్వాత తీసేద్దాం. ఇది పోతే మళ్లీ ఆర్నెల్లు. మా వాళ్లు మళ్లీ ఇల్లు కదులుతారనుకున్నావా?"

ఎస్తేరు విప్పిన డిస్కును చేతుల్లోకి తీసుకుందట. ఆ ఆరుగురినీ తలచుకుందట. వాళ్లలో ఇద్దరు మొదటిరోజు స్టీరింగు పట్టుకోవడానికే భయపడి ఏడ్చినవాళ్లు. తర్వాత ఆ డిస్కును షాపు బల్ల మీద పెట్టేసి అంది, "చక్రం ఊడిపోయే కారులో మిమ్మల్ని కూచోబెట్టి, పక్కన నేను బ్రేకు మీద కాలేసుకుని ఏం చెయ్యను అంకమ్మా? రేపు బెజవాడ పోదాం. నువ్వు నాతో రా."

అంకమ్మకు అప్పుడు కోపమే వచ్చిందట. ఆ మాట మస్తాన్ వలీ ముందు దాచకుండా చెప్పింది. రైల్లో ఒంగోలు నుంచి చీరాల దాకా తాను మాట్లాడలేదని కూడా చెప్పింది.

మస్తాన్ వలీ వాళ్లకు షాపంతా తెరిచి చూపించాడు. ఎస్తేరు పద్ధతిగా వెతికింది. అట్టను ఒక్కో డిస్కు మీద ఆనించి చూసేది. సరిపోయినట్టు అనిపిస్తే అప్పుడు వెర్నియర్ పెట్టేది. వంద. వంద. నూట పద్నాలుగు. అయిదు బెజ్జాలవి అంకమ్మే పక్కకు విసిరేసేది. ఒకసారి తొంభై ఎనిమిది దొరికింది కూడా. అంకమ్మ ముఖం విప్పారింది. ఎస్తేరు దాన్ని తిరగేసి మధ్య బెజ్జం కొలిచి తల ఊపింది. "ఇరుసు చివరుండే హబ్బు ఇందులో దూరదు. బోల్టులు కలిస్తేనే చాలదు అంకమ్మా. నడుమ కలవాలి, లోతు కూడా కలవాలి. లోతు తప్పితే మలుపులో టైరు లోపల రాసుకుంటుంది."

"పెళ్లి సంబంధానికి కూడా ఇన్ని చూడరు," అంది అంకమ్మ.

"చూస్తే బాగుండేది," అంది ఎస్తేరు.

మస్తాన్ వలీ పడీపడీ నవ్వాడు. నాకు మాత్రం నవ్వు రాలేదు. వాళ్ల తలల మీద ఎనిమిదడుగుల ఎత్తున నేనున్నాను. బోల్టులు సరే, నడుమ సరే, లోతు సరే. చక్రానికి నోరుండదు. ఆ రోజు తెలిసినంతగా ఆ సంగతి నాకు ఎప్పుడూ తెలియలేదు.

మధ్యాహ్నం రెండయింది. పక్క షాపులు నాలుగు చూశారు, మళ్లీ ఇక్కడికే వచ్చారు. మస్తాన్ వలీ చేతులు తుడుచుకుంటూ, "లేదమ్మా. ఆ రకం అంతా కరిగించేశారు. హబ్బుకే కొత్త బెజ్జాలు కొట్టించుకోవాలి, వారం పడుతుంది," అన్నాడు. ఎస్తేరు అట్టను సంచిలో పెట్టుకుంది. ఆమె భుజాలు అప్పుడు కాస్త కిందికి జారాయి. పొద్దుటినుంచి అది నేను చూడటం మొదటిసారి.

"పద అంకమ్మా," అంది.

సరిగ్గా అప్పుడు గాలి మారింది. తూర్పునుంచి ఒక్కసారిగా విసురుగా కొట్టింది. నా పక్కనున్న రేకు అంచు లేచి టపటపా కొట్టుకుంది. ఎస్తేరు నడుస్తూనే ఉంది. మస్తాన్ వలీ లోపలికి తిరిగాడు. కానీ అంకమ్మ సముద్రం మనిషి. గాలి మారితే తల పైకెత్తకుండా ఉండలేదు. ఆకాశం చూద్దామని ఎత్తింది. రేకు చూసింది. రేకు మీద నన్ను చూసింది.

"మేడమ్, ఆగు. అదేంది పైన?"

"అది రేకు ఎగరకుండా పెట్టింది," అన్నాడు మస్తాన్ వలీ. అని, తనే ఆగిపోయాడు. నుదురు కొట్టుకున్నాడు. "అమ్మా, అది మూడుసార్లు తిరిగొచ్చిన సరుకు. దేనికీ పట్టలేదు."

"దేనికీ పట్టలేదా?" అంది ఎస్తేరు. ఆమె గొంతు మారింది.

నిచ్చెన తేవడానికి మస్తాన్ వలీ వెళ్లాడు. అంకమ్మ ఆగలేదు. పడవ అంచెక్కే అలవాటున్న కాళ్లు ఆమెవి. డ్రమ్ము మీద ఒక కాలు, కిటికీ చువ్వ మీద ఒక కాలు వేసి పైకొచ్చి, నన్ను రెండు చేతులా ఎత్తి గుండెకు ఆనించుకుంది. ఆరేళ్ల తుప్పు, ధూళి ఆమె రవికెకు అంటింది. కిందికి అందించింది. ఎస్తేరు అందుకుని అట్టను నా మీద ఆనించింది. నాలుగు బెజ్జాల్లోంచి నాలుగుచోట్లా నేల కనిపించింది. వెర్నియర్ పెట్టింది. గీతలు చదివింది. ఇంకో జత బెజ్జాలకు పెట్టి మళ్లీ చదివింది. నడుమ కొలిచింది. అడ్డంగా కర్ర ఆనించి లోతు కొలిచింది.

ఆమె వెర్నియర్‌ను అంకమ్మ చేతికిచ్చి, గీతలు ఎలా చూడాలో చూపించి, "నువ్వు చదువు," అంది.

అంకమ్మ పెదాలు కదుపుతూ లెక్కపెట్టింది. "తొంభై... ఎనిమిది," అంది. ఇంకోసారి కూడా అంది, ఈసారి గట్టిగా.

ఇక మిగిలింది నా భయం. ఎండలో, వానలో అన్నేళ్లు పడున్నాను. ఎక్కడైనా వంగి ఉంటే? ఆ వీధి చివర బ్యాలెన్సింగు మిషను మీద నన్ను ఎక్కించి తిప్పారు. కళ్లు తిరిగేంత వేగం. ఎస్తేరు వంగి, నా అంచు పక్కన వేలు పెట్టి, వేలికీ అంచుకూ మధ్య సందు పెరుగుతుందా తరుగుతుందా అని చూసింది. మిషను ఆగింది. "సూటిగా ఉంది," అన్నాడు మిషను నడిపే అతను, ఆశ్చర్యపోతూ. నన్ను వాడుకోకపోవడమే నన్ను కాపాడింది. తుప్పు గీకి, రంగు కొట్టి, టైరు తొడిగించి, సాయంత్రం రైల్లో ఇద్దరి మధ్యా సీటు మీద కూర్చోబెట్టుకుని తీసుకుపోయారు. టిక్కెట్టు చూసేవాడు ఏదో అనబోయాడు. అంకమ్మ చూసిన చూపుకు ముందుకెళ్లిపోయాడు.

గురువారం పొద్దున ఎస్తేరు ఇంటిముందు నన్ను తెల్లకారు హబ్బు మీదికి ఎత్తారు. నడుమ గుంటలో హబ్బు మెత్తగా దూరింది. ఆరుగురు ఆడవాళ్లూ చుట్టూ నిలబడ్డారు. ఎస్తేరు పానా తీసుకోలేదు. మొదటి బోల్టు వేళ్లతో పెట్టి తిప్పింది. చివరిదాకా దిగింది. రెండోది, మూడోది. నాలుగోది. ఆటోనగర్ చేరాక నాలుగో బోల్టు ఒక్కసారీ తిన్నగా దిగని ఆ ఏళ్లన్నీ అక్కడే అయిపోయాయి. అది కూడా వేళ్లతోనే, ఏ పట్టూ లేకుండా, తల గుంటలో నిండుగా కూర్చునేదాకా దిగింది. అప్పుడే పానా తీసి, ఎదురెదురుగా ఒకటి విడిచి ఒకటి బిగించింది.

"వేలితో దిగిందే సరైంది," అంది వాళ్లతో. "దేన్నీ బలవంతంగా ఎక్కించవద్దు. గుర్తుపెట్టుకోండి."

శుక్రవారం పరీక్ష గ్రౌండులో వరుస పెద్దగానే ఉంది. ఆడవాళ్లు ఆరుగురూ ఒకే కారు పక్కన నిలబడితే అందరూ తిరిగి చూశారు. బ్రేక్ ఇన్‌స్పెక్టరు నెరిసిన మీసాల మనిషి. కారు చుట్టూ తిరిగి నా దగ్గర ఆగాడు.

"ఈ డిస్కు రంగు వేరేగా ఉందే?"

"కొత్తగా వేశాం సార్. కొలిచి వేశాం," అంది ఎస్తేరు.

ఆయన బూటుతో నన్ను తట్టి, తల ఊపి, చేతిలోని కాగితం మీద టిక్కు పెట్టుకున్నాడు.

ముందు నలుగురు వెళ్లారు. ఎనిమిది అంకె మలుపులు, వెనక్కి తీసి గళ్లలో నిలపడం. ఒక్కొక్కరు దిగుతుంటే మిగతావాళ్లు చీర కొంగు నోటికి అడ్డం పెట్టుకుని చూశారు. నలుగురూ పాసయ్యారు. ఐదోది వెంకాయమ్మ. ఆమె మొదటిరోజు ఏడ్చిన ఇద్దరిలో ఒకతె. స్టీరింగు ఎక్కువ తిప్పేసింది, గీత తాకింది. "మళ్లీ రావాలమ్మా," అన్నాడు ఇన్‌స్పెక్టరు. ఆమె దిగి గోడ పక్కకు పోయి నిలబడింది.

ఆఖరుకు అంకమ్మ. ఎత్తు గట్టు మీద కారు ఆపి, మళ్లీ ముందుకు తీయాలి. మధ్యలో ఆపింది. తీయబోయింది. ఇంజను ఆగిపోయింది. కారు వెనక్కి జారింది. నేను ముందు ఎడమవైపున ఉన్నాను. నాకింద మట్టి గులకలు పొర్లాయి. ఎస్తేరు బయట నిలబడి ఉంది. ఆమె కాలు ఆ పక్కసీటు పెడల్ మీద లేదు. ఆమె పాదం నేలనే నొక్కడం నేను చూశాను.

అంకమ్మ బ్రేకు తొక్కి, హ్యాండ్ బ్రేకు లాగింది. ఒక్క నిమిషం ఊపిరి పీల్చుకుంది. ఇంజను వేసింది. క్లచ్చును మెల్లగా వదిలి, కారు ముక్కు కాస్త లేచేదాకా ఆగి, హ్యాండ్ బ్రేకు దించింది. నేను పట్టుకున్నాను. నాలో నాలుగు బోల్టులూ ఒక్కటిగా పట్టుకున్నాయి. జారుడు ఆగి, ఒక్క అంగుళం, ఇంకొక్క అంగుళం, ఆపైన తిన్నగా గట్టు మీదికి ఎక్కేశాం.

"కంగారు పడకుండా తీశావమ్మా. అదే కావాలి," అన్నాడు ఇన్‌స్పెక్టరు.

మధ్యాహ్నం వరుసలో ఒకరు రాలేదు. ఆ ఖాళీలో వెంకాయమ్మకు ఇంకో అవకాశం ఇమ్మని ఎస్తేరు వెళ్లి అడిగింది. ఆయన గడియారం చూసి, వెంకాయమ్మను చూసి, "పిలవండి," అన్నాడు. ఈసారి అంకమ్మ కారు తలుపు దగ్గరికొచ్చి ఆమె చెవిలో ఏదో చెప్పింది. వెంకాయమ్మ పకపకా నవ్వింది, ఆ నవ్వుతోనే ఎక్కి కూర్చుంది. గీత తాకలేదు. నాలుగున్నరకు ఆరుగురి కాగితాల మీదా ముద్ర పడింది. ఇంటికి పోతూ ఎవరు నడపాలన్నదాని మీద పోట్లాట మొదలైంది. ఎస్తేరు అందర్నీ వెనక్కి నెట్టి తనే స్టీరింగు ముందు కూర్చుంది. సగం దూరం పోయాక రోడ్డు పక్కన ఆపి, సోడా తాగుదాం రండి అంది. అప్పుడు అంకమ్మ ఆమెతో మెల్లగా అంది, "ఆ రోజు షాపు కాడ నేనన్న మాట మనసులో పెట్టుకోబాక మేడమ్." ఎస్తేరు తన సోడా ఆమె చేతికిచ్చి ఇంకోటి తెప్పించుకుంది.

ఇది జరిగి మూడేళ్లయింది. నేను ఇంకా ఆ తెల్లకారు మీదే ఉన్నాను. నా మీద టైరు రెండుసార్లు మారింది. నన్ను మార్చే మాట ఎవరూ ఎత్తలేదు. నలభైమందికి పైగా ఆడవాళ్లు నన్ను తిప్పారు. కొందరు గోతుల్లో దించారు, ఒకామె గుడి మెట్టు ఎక్కించింది. మనుషులు నేర్చుకునేటప్పుడు చక్రాలకు దెబ్బలు తప్పవు. నాకు ఫిర్యాదు లేదు.

నిన్న పొద్దున కొత్తగా చేరిన అమ్మాయి ఒకతె, సముద్రం రోడ్డు మీద భయం భయంగా, నత్తలాగా కారు నడుపుతోంది. వెనక హారను వినిపించింది, ఒకసారి, మర్యాదగా. ఆ అమ్మాయి వేగం ఇంకా తగ్గించింది. "ఏం కాదు, ఎడమకి జరుగు. వాళ్లను పోనీ," అంది పక్కనున్న ఎస్తేరు.

కుడి పక్కనుంచి చేపల వ్యాను వచ్చింది. స్టీరింగు ముందు అంకమ్మ. పక్కన వెంకాయమ్మ ఒళ్లో ఐసుపెట్టె పెట్టుకుని కూర్చుంది. మాకు కావలసినంత దారి వదిలి, ముందుకు పోయాక సైడు లైటు వేసి, తిన్నగా తన వరుసలోకి వచ్చింది. కిటికీలోంచి చెయ్యి బయటపెట్టి ఒక్కసారి ఊపి, తూర్పు ఎండలో ముందుకు పోయింది.

కొత్తమ్మాయి ఆ వ్యాను వంకే చూస్తూ అడిగింది. "ఆమె ఎవరు మేడమ్? భలే నడుపుతోంది."

"నువ్వే," అంది ఎస్తేరు. "ఇంకో ఆర్నెల్లకి. గేరు మార్చు."

అమ్మాయి గేరు మార్చింది. నేను వేగం అందుకున్నాను.